ఆరగింపదగిన భూపటము

గతమాసమున పాతబియ్యమునకును క్రొత్తబియ్యమునకును గల భేదమును గూర్చి వ్రాసితిని. ఈ మాసమున పప్పుదినుసులను గూర్చి వ్రాయదలచియుండగా ఒక సోదరి యొద్దనుండి జాబు వచ్చినది. అది చదివిన పిమ్మట పప్పుల డబ్బాలను మరల అటకపై పెట్టితిని. తన పేరును ఊరును ప్రకటింపవలదని ఆమె కోరినది గనుక సంగతి మాత్రము మనవి చేయుచున్నాను.

ఆమె అత్తగారు డెబ్బదియేండ్లు దాటినవారు. బాల్యమున తండ్రిగారి యొద్ద కూర్చుండి భాగవతము చదివికొన్నవారు. రాత్రి భోజనములైన పిమ్మట మనుమనిని చెంత పరుండబెట్టుకొని సప్తద్వీపములు, సప్తసముద్రములు, మేరుపర్వతము, ఏనుగులంత పండ్లు గాచు నేరేడుచెట్టు కన్నులకు గట్టినట్లు చెప్పుచుండెడివారట. పదియేండ్ల ఆ బాలుడు ఒకనాడు చుట్టముల పిల్లలు నలుగురు వచ్చియుండగా బడిలోని పటముల పుస్తకము తెచ్చి మామ్మ యొడిలో పెట్టి, "నీ పాలసముద్రం ఇందులో ఎక్కడుందో వేలు పెట్టి చూపించు మామ్మా" అనెనట. పిల్లలందరును గొల్లుమనిరట. ఆ పెద్దావిడ కండ్లద్దములు తీసి చెరగుతో తుడిచికొని, "నాకేం తెలుసునురా, చదువుకున్నవాడివి, నువ్వే చెప్పు" అని లోపలికి పోయిరట. నెలదినములైనది. నాటినుండి కథ లేదు. చీకటి పడగానే ఇంత మజ్జిగ త్రాగి తలుపు చేరవేసికొనుచున్నారట.

"పిల్లవానిని మందలింతునందునా, వాడు చెప్పినది అబద్ధము కాదు. అత్తగారిని సమాధానపరతునందునా, పాలసముద్రమున్నదని నేను ఏ నోటితో చెప్పుదును? మీరు పురాణములు చదివినవారు, మీ వారు బడిపంతులుగారు. మీ యింట ఈ తగవు ఎట్లు తీరుచున్నది?" అని ఆమె ప్రశ్న.

వంటయింటి శీర్షికకు ఇది తగిన ప్రశ్నయేనా యని కొందరు చదువరులకు తోపవచ్చును. ఆ ఏడు సముద్రములను ఒకపరి లెక్కింపుడు: ఉప్పు, చెరకురసము, సుర, నేయి, పెరుగు, పాలు, మంచినీరు. ఏడింటిలో ఆరు మన వంటయింట నున్నవి. సుర యొక్కటియే బయటిది. లోకమున ఏ జాతివారును తమ భూగోళమును ఇట్లు గూటిలోని గిన్నెలతో నిర్మించుకొనలేదనుకొందును. కావున ఈ ప్రశ్నకు ఇంతకంటె తగిన చోటు లేదు.

మొదట ఆ పటము తీరు చెప్పెదను. నడుమ జంబూద్వీపము. జంబువనగా నేరేడు. దానిచుట్టు ఉప్పుసముద్రము గాజువలె చుట్టుకొనియుండును. దానికి వెలుపల ప్లక్షద్వీపము. ప్లక్షమనగా జువ్వి. దానిచుట్టు చెరకురసము. పిమ్మట శాల్మలి, అనగా బూరుగు. దానిచుట్టు సుర. అటుపిమ్మట కుశద్వీపము, మన దర్భ. దానిచుట్టు నేయి. క్రౌంచద్వీపమునకు మాత్రము చెట్టుపేరు గాక కొండపేరు వచ్చినది. శాకద్వీపము టేకుచెట్టుది. చివరిది పుష్కరము, తామర. దానిచుట్టు మంచినీరు. క్రౌంచ శాకముల చుట్టునున్న పాలు పెరుగుల వరుసలో మాత్రము గ్రంథములకే పొత్తు కుదరదు. విష్ణుపురాణమున పెరుగు ముందు, పాలు పిదప. భాగవతమున పాలు ముందు, పెరుగుతేట పిదప. పండితులు దీనికేమి సమన్వయము చెప్పుదురో గాని, వంట చేయుదానికి ఇందు పెద్ద చిక్కు కనబడదు. నడుమనున్న గట్టు ఒక్కచోట తెగినచో ఏది ముందున్నను మరునాటి యుదయమునకు రెండును పెరుగే.

తెనుగున ఈ భాగము చదువగోరువారికి భాగవత పంచమస్కంధమున్నది. అది పోతనగారు రచించినది కాదు, గంగనామాత్యునిది. విష్ణుపురాణమును వెన్నెలకంటి సూరన తెనిగించెను. పిల్లలకు చదివి వినిపించుటకు రెండును తగినవే.

ఇక కొలతలు. జంబూద్వీపము లక్ష యోజనముల వెడల్పు. దాని సముద్రమును అంతియే. అక్కడినుండి ఒక్కొక్క ద్వీపము ముందుదానికి రెట్టింపు, దాని సముద్రము దానితో సమానము. అనగా ద్వీపములు వరుసగా 1, 2, 4, 8, 16, 32, 64 లక్షల యోజనములు. మావారు గణితము చెప్పువారగుటచే ఒకనాటి సాయంకాలము ఈ లెక్కను పలకపై వేసిరి. జంబూద్వీపమును ఒక అంగుళముగా గీసినచో, చివరి మంచినీటి సముద్రము దాక పటమంతయు 507 అంగుళములగునట. ఇచట అంగుళమనగా వ్రేలివెడల్పు. ముప్పదియడుగులకు మించును. మా వాకిలి చాలదు. పోనీ, జంబూద్వీపమును రెండు మిల్లీమీటర్ల ఆవగింజగా పెట్టినను పటమంతయు మీటరు వెడల్పునకు పైబడును. ఆ ఆవగింజలో మేరువును, నవవర్షములను, మన భారతవర్షమును, అందు మన యూరిని ఇమిడ్చికొనవలెను.

ఈ లెక్క తెలిసిన పిమ్మట, నేటి ఖండములలో నేది ప్లక్షము, ఏది శాకము అని పోలికలు కుదుర్చు వ్యాసములను నేను చదువుట మానితిని. మంచుతో నిండిన దక్షిణధ్రువమే పాలసముద్రమని వ్రాయువారును గలరు. పురాణమును గౌరవించుట అట్లు కాదని నా యభిప్రాయము. రెట్టింపులమీద రెట్టింపులుగా సాగు ఆ వలయములు ఓడ నడుపుకొనుటకు చెప్పినవి కావు. మన దేశముననే 499వ సంవత్సరమున ఆర్యభటుడు భూమి గోళాకారమనియు, దాని వ్యాసము 1,050 యోజనములనియు వ్రాసెను. పురాణపు జంబూద్వీపమొక్కటియే దానికి తొంబదియైదు రెట్లు! ఒకే దేశమున పంచాంగము గుణించు పంతులుగారు ఆర్యభటుని మార్గపు లెక్కతో గ్రహణకాలము కట్టుచు, ఆ సాయంకాలమే పురాణము విప్పి నేతిసముద్రమును వర్ణించుచుండెను. ఏ లెక్కను ఎచ్చట వాడవలయునో వారికి తెలియును. ఈ మామ్మగారికిని తెలిసియుండును. ఆమె మనుమనికి పాలసముద్రపు కథ చెప్పినదే గాని, అందులోనుండి చెంబెడు పాలు తెమ్మని వానిని పంపలేదు గదా!

ఆ బాలుడు నవ్విన నవ్వు క్రొత్తది కాదు. 1835వ సంవత్సరము ఫిబ్రవరి 2వ తేదీన మెకాలే దొర మన దేశపు చదువులను గూర్చి వ్రాసిన ప్రసిద్ధమైన నివేదికలో ఈ సముద్రములను పేర్కొని, ఇట్టి భూగోళమును సర్కారు సొమ్ముతో నేర్పుట యెందులకని ఎగతాళి చేసెను. ఆంగ్లవిద్యకు దారి తీసిన కాగితములలో అది ముఖ్యమైనది. మన పాఠశాలలలో ఆధునిక భూగోళశాస్త్రము వచ్చుట మేలే జరిగినది, దానిని నేను కాదనను. అయినను ఒక గృహిణిగా ఒక మాట చెప్పక పోజాలను. ఆ దొర వాటిని వెన్నసముద్రమనియు, పాకపుసముద్రమనియు వ్రాసెను. గ్రంథమున నున్నది వెన్న కాదు, నేయి. పాకము కాదు, చెరకురసము. వెన్నను నేతిని వేరుపరచి చూడనేరనివాడు మన పుస్తకములను తూచుటకు కూర్చుండెనన్నమాట! వెన్నతో సముద్రమెట్లు పారును? కాచినగాని పారదు.

ఇంతవరకు చెప్పినది చెవితో విను పటము. చేతితో పేర్చి, పిదప వండుకొని తినదగిన పటమును గూడ మన పురాణకారులు చెప్పిరి. అది మత్స్యపురాణమున నున్న పర్వతదానముల ప్రకరణము. ధాన్యము, లవణము, బెల్లము, బంగారము, తిలలు, ప్రత్తి, నేయి, రత్నములు, వెండి, పంచదార అను పదింటితోను పది మేరువులను పోసి దానము చేయు విధానము అందున్నది. వీనిలో మొదటిదగు ధాన్యపర్వతమును నేను పలుమారులు చదివితిని. చదివిన ప్రతిసారియు అది పెండ్లివారి వంటశాలలో సరకులు దింపించుకొను పెద్దముత్తైదువ పలుకుచున్నట్లు తోచును.

నడుమ వరిధాన్యముతో మేరువును పోయవలెను. వేయి ద్రోణములు ఉత్తమము, 500 మధ్యమము, 300 అధమము. ద్రోణమనునది పాతకాలపు ధాన్యపు కొలత. మేరువునకు నాలుగు దిక్కుల నాలుగు చిన్నకొండలు. తూర్పున మందరము యవలతోను, దక్షిణమున గంధమాదనము గోధుమలతోను, పడమట విపులము నువ్వులతోను, ఉత్తరమున సుపార్శ్వము మినుములతోను పోయవలెను. ఒక్కొక్క కొండకు ఒక్కొక్క చెట్టు గురుతు: కడిమి, నేరేడు, రావి, మఱ్ఱి. కొండల చెంత కొలనులుండవలెను గదా! తూర్పుకొలనికి పాలు, దక్షిణపుకొలనికి నేయి, పడమటికొలనికి పెరుగు, ఉత్తరపుకొలనికి తేనె. మేరువు చరియలలో వెదురుపొదలకు మారుగా చెరకుగడలు నిలుపవలెను. సెలయేళ్ళకు మారుగా నేయి జారవలెను. మేఘములకు వస్త్రములు పరవవలెను: తూర్పున తెల్లనివి, దక్షిణమున పచ్చనివి, పడమట చిత్రవర్ణములవి, ఉత్తరమున ఎఱ్ఱనివి. చీర మేఘమగుట, మినుము కొండయగుట ఎంత ముచ్చటగా నున్నది! పొలము, పాడి, తోట, మగ్గము, ఊరి కలిమి యంతయు ఆ పటములో ఒక్కచోట చేరినది.

ఈ విధానము గ్రంథములలోనే నిలిచిపోలేదు. 13వ శతాబ్దిని దేవగిరి యాదవులకు మంత్రియైన హేమాద్రి దానవిధులనన్నిటిని ఒక్కచోట కూర్చెను. మన తెలుగునాట 14వ శతాబ్దిని రెడ్డిరాజ్యమును స్థాపించిన ప్రోలయ వేమారెడ్డి హేమాద్రి చెప్పిన దానములు చేసిన రాజని ప్రసిద్ధి.

బీదవారికి గూడ అందు తావున్నది. ఉప్పుకొండకు 16 ద్రోణములు ఉత్తమము, 8 మధ్యమము, 4 అధమము. అంత కలిమి లేనివాడు ఒక్క ద్రోణమునకు పైబడి శక్తికొలది పోయవచ్చును. అయితే దానము పుచ్చుకొనువారు ఆచార్యుడును, ఋత్విక్కులును. మేరువు ఆచార్యునకు, చుట్టుకొండలు ఋత్విక్కులకు. ఆకలిగొని వాకిట నిలిచినవానికి ఆ మినుపకొండలో నొక దోసెడు అని నేరుగా వ్రాసియుండినచో నాకు ఇంకను నచ్చియుండెడిది. పెద్దలు కోపగింపకుందురు గాక.

ఒక విషయమున గ్రంథకర్తలకును ధాన్యమునకును పొందిక కుదరలేదు. మేరువు పైన 32,000 యోజనములు, అడుగున 16,000 యోజనముల వెడల్పుగలది. తామరదుద్దు వలె పైకి విచ్చుకొని యుండును. ధాన్యమును పోసి చూడుడు. అడుగున వెడల్పై కొనకు సన్నగిల్లును గాని పైకి విచ్చుకొనునా? ఎంతటి చక్రవర్తి పోసినను వడ్లు తమ తీరుననే జారును. దీనికి ఉపాయము క్రింద చెప్పెదను.

ఇతరదేశముల వారును తినుబండముల దేశములను కల్పించుకొనిరి గాని వారి త్రోవ వేరు. ఇటలీ దేశపు బొకాచియో 14వ శతాబ్దిని వ్రాసిన కథలలో, తురిమిన జున్నుతో నిండిన కొండయు, దానిపై కూర్చుండి పిండివంటలు వండి క్రిందికి దొర్లించువారును గల దేశమొకటి వచ్చును. ఫ్లాండర్సు చిత్రకారుడు బ్రూగెల్ 1567లో అట్టి దేశమునే చిత్రించెను. తిని తిని వెల్లకిల పరుండినవారు ముగ్గురు ఆ చిత్రమున నున్నారు. చూచినచో నవ్వును వచ్చును, వెగటును కలుగును. 18వ శతాబ్ది మొదట జర్మనీలోని నూరెంబర్గు నగరమున హోమన్ అను పటకారుడు ఆ సోమరిభోగుల దేశమునకు నదులు, సరిహద్దులు, పట్టణములతో నిజమైన పటము వలెనే అచ్చువేసి అమ్మెను.

వీనికంటె నా మనసును కలచినది నేపుల్సు నగరపు వేడుక. ఆ శతాబ్దముననే అచ్చటి రాజులు ఉత్సవదినములలో కోట యెదుట రొట్టెలతోను, జున్నుతోను, మాంసముతోను కొండలు, తోటలు కట్టించి, ఫిరంగి మ్రోగగానే నగరమునందలి బీదలను దానిపైకి వదలుచుండిరి. వారు త్రొక్కుకొనుచు, కొట్టుకొనుచు దోచికొనుచుండగా ప్రభువులు మేడమీదనుండి చూచి ఆనందించుచుండిరి. అదియు ఆరగింపదగిన పటమే. కాని అన్నమును చూపి మనుష్యుని ఆడించుటకంటె నీచమైనది వేరొకటి నాకు తోచదు. మన దేశమున రాజస్థానమునందలి నాథద్వారమున దీపావళి మరునాడు అన్నకూటమని గోవర్ధనగిరిని అన్నముతో పోయుదురు. పూజానంతరమున ఆ కొండను భిల్లులు వచ్చి తీసికొనిపోవుట ఆచారము. అది వారి హక్కుగా సాగుచున్నది. కొండ ఒకటే, తీసికొను తీరులో ఎంత భేదము!

ఇక జాబు వ్రాసిన సోదరికి నా సమాధానము. అమ్మా, పిల్లవానిని నిజము పలికినందులకు మందలింపకుము. నలుగురి యెదుట మామ్మను నగుబాటు చేసినందులకు మందలింపుము. ఈ రెండును వేరని వానికి తెలియునట్లు చెప్పుము. అత్తగారితో మాత్రము పాలసముద్రము నిజమే యని బుజ్జగింపు మాటలాడకుము. డెబ్బదియేండ్లు వచ్చినవారిని పసిపిల్లవలె చూచుట మనుమడు చేసినదానికంటె పెద్ద అవమానము. ఆమెకు నొచ్చినది సముద్రము లేదనుట గాదు. తాను తండ్రి యొద్ద నేర్చినదంతయు ఒక్క నవ్వుతో చెల్లని కాసైనది, అదియే ఆమె బాధ. అది చెల్లునని మాటతో చెప్పినచో నమ్మరు. ఆమె చెప్పకున్న జరుగని పని యొకటి ఇంట పెట్టవలెను.

పిల్లవాడు పటము నడిగినాడు గదా! వానిచేతనే పటము చేయింపుము. సెలవుదినమున పెద్ద తాంబాళము కడిగి ముందు పెట్టి, "మామ్మ చెప్పిన ద్వీపములన్నియు దీనిలో పేర్చవలెను" అనుము. ఏ ద్వీపము తరువాత ఏది, ఏ సముద్రము దేని చుట్టు అన్నది వాని పటముల పుస్తకమున ఉండదు. నీవును చెప్పకుము. తెలిసినను తెలియనట్లుండుము. తలుపు తట్టి మామ్మను అడుగక వానికి గతి లేదు. మొదటినాడు ఆమె తలుపు తీయకపోవచ్చును. అప్పుడు సముద్రముల వరుసను తప్పుగా పెట్టి ఆమె కంటబడునట్లు ఉంచుము. నేతిప్రక్కన ఉప్పుసముద్రమును చూచి, భాగవతము చదివినవారెవరును ఊరకుండజాలరు.

తాంబాళమున కొలతలు పాటింపవలదు. వలయములన్నియు ఒకే వెడల్పున నున్న చాలును. నడుమ జంబూద్వీపమునకు చలిమిడి మేలు. తడిబియ్యపు పిండిని బెల్లపుపాకమున గట్టిగా కలిపినచో చేతికి లొంగును. మేరువును గూడ చలిమిడితోనే చేసి, గ్లాసులో నదిమి బోర్లించి, సన్ననిప్రక్క క్రిందికి వచ్చునట్లు త్రిప్పి నిలుపవలెను. ధాన్యము చేయలేని పని చలిమిడి చేయును. నేరేడుపండ్ల కాలమైనచో ప్రక్కన ఒక పండు. భారతవర్షము దక్షిణమున వింటి యాకారమున నుండునని మామ్మ చెప్పును. అచ్చట ఒక జీడిపప్పు బద్దను వంపు తిరిగినదానిని చూచి గ్రుచ్చవచ్చును.

ద్వీపములు గట్లుగా నిలువవలెను గనుక పొడిపదార్థములను కొంచెము పాకముతో ముద్దకట్టి పేర్చవలెను. ప్లక్షమునకు అటుకులు. శాల్మలికి పేలాలు, బూరుగుదూది వలె తెల్లగా నుండును. కుశద్వీపమునకు సన్నని కారపుపూస, దర్భ పోలిక చక్కగా కుదురును. క్రౌంచము కొండ గనుక చిన్న ఉండ్రాళ్ళు. శాకమునకు టేకురంగు వచ్చునట్లు వేచిన గోధుమపిండి ఉండలు. పుష్కరమునకు తామరగింజల పేలాలని అంగళ్ళలో అమ్మునవి. అవి నిజమునకు తామరవి కావు, ముండ్లుగల వేరొక నీటిమొక్కవి. అయినను పేరు చాలును.

సముద్రములను ముందుగా పోయరాదు. గట్లన్నియు ఆరిన పిమ్మట తినబోవు వేళకు పోయవలెను. ఉప్పుసముద్రమునకు నీరుగాక రాతియుప్పు గల్లు పరచిన చాలును. చెరకురసము దొరకనిచో పలుచని పానకము. నేయి చలికాలమున పేరుకొని కదలక నిలుచును. వేసవిలో ఈ పని పెట్టుకొన్నవారు కుశద్వీపముపై ఆశ వదలుకొనవలెను. పెరుగును గుడ్డలో వడకట్టి గట్టిది పోసినచో పాలలోనికి పోదు. పాలను కాచి చిక్కబరచి చల్లార్చి పోయవలెను.

మిగిలినది సుర. మన యింటికి అది రాదు. ఆ స్థానమున నేను తరవాణిని సూచింతును. గంజియు అన్నమును కుండలో పులియబెట్టి ఉదయమున త్రాగు తరవాణి నేటి పిల్లలకు తెలియదు గాని, మామ్మలకు తప్పక తెలియును. పులియుట యను గుణము సురకును దీనికిని సమానము గనుక పురాణమునకు పెద్ద ద్రోహము జరుగదు. పైగా తరవాణికుండ ఎట్లు పెట్టవలెనో ఆ పెద్దావిడనే అడుగవలసివచ్చును.

పిల్లవాని పటమునకు గూడ గౌరవము జరుగవలెను గదా! రెండవనాడు వానిని తన సముద్రములను మామ్మకు రుచి చూపుమని చెప్పుము. నేటి శాస్త్రము చెప్పు సముద్రములు గూడ ఒకే రుచి గలవి కావు. లీటరు నీటిలో 35 గ్రాముల ఉప్పు కరిగించినచో మహాసముద్రపు నీటి రుచి వచ్చును. ఐరోపాఖండపు ఉత్తరముననున్న బాల్టిక్ సముద్రమున పెక్కుచోట్ల 7, 8 గ్రాములకు మించదు. మన చారునకు వేయు ఉప్పుతో సమానమనవచ్చును. పశ్చిమాసియాలోని మృతసముద్రమున 300 గ్రాములకు పైబడును. మనిషి మునుగబోయినను మునుగడు. మన బంగాళాఖాతము ఉత్తరభాగమున గంగా బ్రహ్మపుత్రలు వచ్చి కలియుటచే అరేబియా సముద్రముకంటె ఉప్పదనము తక్కువ. మూడు గిన్నెలలో మూడు పాళ్ళు కలిపి, పుల్లతో ఒక్కొక్క చుక్క నాలుకపై వేసికొని ఉమిసివేయవలెను. త్రాగరాదు. కండ్లు మూసికొని ఏ సముద్రమో చెప్పుమని మామ్మ మనుమని, మనుమడు మామ్మను పరీక్షింపవచ్చును. ఉప్పుపాళ్ళు తెలియుటలో అరువదియేండ్లు వంట చేసినవారిని పదియేండ్లవాడు గెలుచునని నాకు తోచదు.

పటమును గీయవలెనని బాలుడు పట్టుబట్టినచో తినదగిన కాగితము మనకున్నది, పూతరేకు. కోనసీమ జిల్లా ఆత్రేయపురపు పూతరేకులకు 2023లో భౌగోళిక గుర్తింపు వచ్చినది. భూగోళపాఠమునకు ఇంతకంటె తగిన కాగితమేమున్నది? అయితే దానిపై నీటితో కలిపిన రంగుతో గీచినచో రేకు కరగి చిరుగును. నేతితో గీయవలెను. కుంకుమపువ్వు నేతిలో రంగు విడువదు, నీటిలోనే విడుచును. చిటికెడు పసుపును వెచ్చని నేతిలో కలిపి, పుల్లకు దూదిచుట్టి గీచినచో గోదావరి నాసికమువద్ద పుట్టి మన కోనసీమ దాక నిలుచును. గీచినవెంటనే తినవలెను. గాలిలో చెమ్మ తగిలినచో దేశమంతయు ముడుచుకొనిపోవును.

తాంబాళపు పటమును తినుటకు వలయములను వెలుపలినుండి లోపలికి తీయవలెను. తొందరపడి నడుమ చేయిపెట్టినచో గట్లు తెగి సముద్రములన్నియు ఏకమగును. పుష్కరము మొదట, మేరువు చివర. వడ్డించుట మామ్మగారి వంతు. పనిమనిషి పిల్లలుగాని, ఇరుగుపొరుగు పిల్లలుగాని వచ్చియున్నచో వారికి మేరువులో భాగము పెట్టించుడు, అంచులోని పేలాలు కాదు. రాతియుప్పును పారవేయవలదు, ఎత్తి పులుసులోనికి వాడుకొనవచ్చును. తాంబాళము చిన్నదై చోటు చాలనివారు ఏడవదగు మంచినీటి సముద్రమును చెంబులో పోసి ప్రక్కన పెట్టుకొనిన చాలును. చేతులెల్ల నేయియు పాకమును అంటియుండును గనుక తిన్న పిమ్మట దానితో ఎట్లును పనిబడును.